సింహళ చిత్రమున సుమిత్రా పెరీస్ కూర్పు

సాత్తూరునకు ఉత్తరముననున్న మధురలోనే తొలి సింహళ వాక్చిత్రము ‘కడవును పొరొందువ’ నిర్మితమై 1947లో విడుదలయ్యెను. దక్షిణభారత స్టూడియోల పాటల మూస ఆ భాషాచిత్రములను చిరకాలము పాలించెను. ఆ మూసను విడిచిన ‘గంపెరళియ’ (1963) స్టూడియో వెలుపలనే చిత్రింపబడెను. దర్శకుడు లెస్టర్ జేమ్స్ పెరీస్. ఎడిటరు ఆయన భార్య సుమిత్ర.

మార్టిన్ విక్రమసింహుని నవలయే దీనికి మూలము. వంశగౌరవము విడదీసిన నందా, పియల్‌ల మూగవేదనను ఇందు పాటకు బదులు పాత్రల చూపులును, వాని నడుమ మౌనమును తెల్పుచున్నవి. ఆ చూపును ఎంతసేపు నిలుపవలెను, ఎచ్చట త్రెంచవలెను అను వివేకము ఎడిటరుది. 1965లో ఢిల్లీ అంతర్జాతీయ చలనచిత్రోత్సవమున ఈ చిత్రము స్వర్ణమయూరమును గెలిచెను. ఇట్టి విజయమును దర్శకుని పేరనే స్మరించుట లోకరీతి. ఇందు సుమిత్రకును పాలు గలదు.

1978లో ‘గెహెను లమయి’తో ఆమెయే దర్శకురాలయ్యెను, 2023లో కన్నుమూసెను. కూర్పుబల్లయు దర్శకత్వమునకు పాఠశాలయే యని ఆమె కృషి చాటుచున్నది.