రోలా బార్త్: విమర్శకుడికి అధికారం ఎక్కడి నుంచి వస్తుంది?

1. పరిచయం

‘రచయిత మరణం’ అనే మాట తెలుగు విమర్శలో మీరు వినే ఉంటారు. ఆ మాట అన్న ఫ్రెంచి విమర్శకుడు రోలా బార్త్ (1915–1980). ఆయన చదువు, ఉద్యోగం ఎలా సాగాయో మొదట తెలుసుకుందాం. తర్వాత ఆయన సిద్ధాంతం ఎంతవరకు నిలుస్తుందో మీకు బాగా తెలిసిన పల్నాటి వీరుల కథతో పరీక్షిద్దాం.

2. ఆగి ఆగి సాగిన చదువు

బార్త్‌కు ఏడాది నిండకముందే తండ్రి మొదటి ప్రపంచయుద్ధంలో మరణించాడు. 1934లో క్షయ సోకింది. పేరున్న ఉన్నత విద్యాసంస్థలో చేరాలన్న ఆశ వదులుకుని, సోర్బాన్‌లో ప్రాచీన సాహిత్యం చదివాడు. 1942 నుంచి 1946 వరకు ఎక్కువ కాలం శానటోరియంలలోనే గడిచింది. తర్వాత బుఖారెస్ట్, అలెగ్జాండ్రియాలలో పనిచేశాడు. డాక్టరేట్ పూర్తి చేయలేదు.

అయినా రాయడం మానలేదు. 1957లో వచ్చిన ‘మిథాలజీస్’లో కుస్తీ పోటీలను, సబ్బు పొడి ప్రకటనలను కూడా సాహిత్యాన్ని చదివినంత శ్రద్ధగా చదివాడు. 1977లో కొలేజ్ ద ఫ్రాన్స్‌లో ఆచార్యుడిగా తొలి ఉపన్యాసం ఇచ్చాడు. ఆ సంస్థ డిగ్రీలు ఇవ్వదు. అక్కడి పాఠాలు ఎవరైనా వచ్చి వినవచ్చు. సార్వత్రిక విశ్వవిద్యాలయంలో చదువుతున్న మీకు ఇది వింతగా తోచదు.

3. వివాదం

1963లో నాటకకర్త రాసీన్ మీద బార్త్ ఒక పుస్తకం రాశాడు. రాసీన్ నిపుణుడైన సోర్బాన్ ఆచార్యుడు రేమో పికార్ 1965లో దాన్ని తీవ్రంగా ఖండించాడు. రాసీన్ కాలంలో మాటలకున్న అర్థాలను, చారిత్రక ఆధారాలను బార్త్ పట్టించుకోలేదన్నది ఆయన అభ్యంతరం. అది కొట్టిపారేయదగినది కాదు. 1966లో బార్త్ జవాబిచ్చాడు: కృతికి ఒకే అర్థం ఉండదు, దాన్ని కాపాడే హక్కు ఏ ఒక్కరికీ లేదు. మరుసటి ఏడాది వచ్చిన ‘రచయిత మరణం’ ఈ ఆలోచనకు కొనసాగింపే. అర్థం రచయిత దగ్గర కాక, పాఠకుడి దగ్గర సమకూరుతుందని అందులో వాదించాడు.

ఇక్కడ ఒక జాగ్రత్త అవసరం. చదువు ఆగిపోయినందువల్లే ఆయన ఇలా ఆలోచించాడనడం సులభం. కాని రచయిత జీవితంతో రచనను వివరించడమే బార్త్ కాదన్న పద్ధతి.

4. కారెంపూడిలో పరీక్ష

పల్నాటి వీరచరిత్ర శ్రీనాథుడి పేరుతో అక్కిరాజు ఉమాకాంతం పరిష్కరణలో 1911లో అచ్చయింది. శ్రీనాథ కర్తృత్వంపై పండితులలో చర్చ ఉంది. మరోవైపు ఇదే కథను తరతరాలుగా గాయకులు పాడుతున్నారు. జీన్ రాఘెయిర్ అనే అమెరికన్ పరిశోధకుడు అలిసెట్టి గాలెయ్య పాడిన కథను సేకరించి, ఆంగ్లంలో 1982లో ప్రకటించాడు. ఈ కథకు ‘అసలు రచయిత’ ఎవరని అడిగితే జవాబు దొరకదు. దొరకకపోయినా కథకు లోటు లేదు. మౌఖిక సమాజాలలో కథకుడి నేర్పును మెచ్చుకుంటారే తప్ప, అతణ్ణి కర్తగా భావించరని బార్త్ కూడా గుర్తించాడు. ఇంతవరకు సిద్ధాంతం నిలిచింది.

అయితే బార్త్ ఊహించిన పాఠకుడికి చరిత్ర లేదు, జీవితకథ లేదు. కారెంపూడిలో వీరుల ఉత్సవానికి వచ్చే శ్రోతకు రెండూ ఉన్నాయి. బ్రహ్మనాయుడి చాపకూడు ఘట్టాన్నే తీసుకోండి. అన్ని కులాలవారు ఒకే చాప మీద కూర్చుని తిన్నారని వినేటప్పుడు, పంక్తిలో ఎప్పుడూ చోటున్న ఇంటివాడికీ, ఊరి బయట ఉంచబడిన ఇంటివాడికీ అది ఒకే కథగా వినిపించదు. రచయితను పక్కన పెట్టినంత మాత్రాన పాఠకులందరూ సమానులైపోరు. బార్త్ సిద్ధాంతం వదిలేసిన ప్రశ్న ఇదే.

5. సారాంశం

విమర్శకుడికి అధికారం డిగ్రీ వల్ల రాదని బార్త్ జీవితం చూపుతుంది. శ్రద్ధగా చదవడం వల్ల, చదివినదానికి ఆధారం చూపడం వల్ల వస్తుంది. ఆ రెండో షరతును గుర్తుచేసినవాడు పికార్. మూడో షరతును పల్నాడు నేర్పుతుంది: తాను ఎక్కడ కూర్చుని వింటున్నాడో విమర్శకుడు చెప్పుకోవాలి.

అభ్యాసం: మీ ఊళ్లో పాడే లేదా చెప్పే ఒక కథను ఇద్దరు వేర్వేరు శ్రోతలు ఎలా అర్థం చేసుకున్నారో అడిగి, ఒక పుటలో రాయండి. మీరు ఎవరి పక్కన కూర్చుని విన్నారో కూడా రాయండి.