గోడలు దాచేవి, దాచలేనివి

గతించిన మనుషుల మాటలు, అడుగుల చప్పుళ్లు, వాసనలు అవి పుట్టిన చోటనే నిలిచి ఉండి, అనువైన వేళ తమంతట తామే మళ్లీ బయటపడతాయన్న ఊహకు ఆంగ్ల కథాలోకంలో ‘స్టోన్ టేప్’ అనే పేరు స్థిరపడింది. రాతిగోడే టేపై ధ్వనిని పట్టి ఉంచుతుందని దాని భావం. ఈ పేరు 1972 క్రిస్మస్ నాడు బీబీసీ ప్రసారం చేసిన నైజెల్ నీల్ నాటకం నుంచి వచ్చినదే అయినా, ఊహ అంతకంటే పాతది. గణనయంత్రాల రూపకర్త ఛార్లెస్ బాబేజ్, పలికిన ప్రతి మాటా గాలి కణాల కదలికలో ఎక్కడో ఒకచోట నిలిచే ఉంటుందని 1837లోనే వాదించాడు.

న్యూజెర్సీలోని పార్సిప్పనీలో ఈ ఊహకు గ్రేస్టోన్ పార్క్ మానసిక వైద్యశాల కంటే తగిన చోటు దొరకదు. 1876లో తెరిచిన ఆ భవనాన్ని వాస్తుశిల్పి శామ్యూల్ స్లోన్ కిర్క్‌బ్రైడ్ పద్ధతిలో, అంటే నడుమ పరిపాలన విభాగం, ఇరువైపులా మెట్లుమెట్లుగా వెనక్కి జరిగే వార్డులు, ప్రతి గదికీ గాలీ వెలుతురూ ఉండేలా రూపొందించాడు. వందల మంది కోసం మొదలైన ఆ ఆవరణలో 1950ల నాటికి రోగుల సంఖ్య ఏడు వేలు దాటింది. నరాలను క్రమంగా క్షీణింపజేసే హంటింగ్టన్ వ్యాధితో జానపద గాయకుడు వుడీ గత్రీ 1956 నుంచి 1961 వరకు ఇక్కడే ఉన్నాడు. తానున్న 40వ వార్డును అతడు ‘వార్డీ ఫార్టీ’ అని పిలుచుకున్నాడు. రోగులు 2008లో కొత్త భవనానికి మారారు; స్థానికులు ఎంత మొరపెట్టుకున్నా 2015లో పాత కట్టడాన్ని నేలమట్టం చేశారు.

ఆ రాళ్లు ఏ పాటనైనా దాచి ఉండేవా అన్న ప్రశ్నకు జవాబు అదే రాష్ట్రంలో, మెన్లో పార్క్‌లో, 1877లో ఎడిసన్ చేసిన ఫోనోగ్రాఫ్‌లోనే ఉంది. ఆ యంత్రంలో ధ్వనికి కదిలే పొర, పొరకు అంటిన సూది, సూది గీతను నిలుపుకొనే తగరపు రేకు, వీటన్నిటికంటే ముఖ్యంగా రేకును నిలకడగా జరిపే పిడి ఉన్నాయి. పిడి తిప్పకపోతే ముందు పలికినదీ తర్వాత పలికినదీ ఒకే చోట పడి ఒకదాన్నొకటి చెరిపేస్తాయి. గోడకు సూదీ లేదు, పిడీ లేదు. దానికి తగిలిన మాటలో కొంత ప్రతిధ్వనిగా తిరిగి వస్తుంది, మిగిలినది కొలతకు కూడా అందనంత స్వల్పమైన వేడిగా మారిపోతుంది. లావా చల్లారే వేళ అందులోని మాగ్నెటైట్ అనే ఇనుప ఖనిజం భూమి అయస్కాంత దిశను నమోదు చేసుకుంటుందన్నది నిజమే కానీ, అది ఒక్క దిశకు సంబంధించిన ముద్ర మాత్రమే. అందులో సంభాషణ వెతకడం అత్యాశ.

వాసన సంగతి వేరు. దాని అణువులు కర్రలోకి, సున్నంలోకి, తివాచీలోకి నిజంగానే చొరబడి, తేమ పెరిగినప్పుడో వేడి తగిలినప్పుడో మళ్లీ బయటికొస్తాయి. ముందు అద్దెకున్నవారి ఇంగువ తాలింపు వానాకాలంలో పలకరించే అపార్ట్‌మెంట్లలో నివసించిన తెలుగువారికి దీన్ని ప్రత్యేకంగా వివరించనక్కరలేదు. కథకులు గోడల చేత మాట్లాడించడానికి పడే శ్రమలో సగం వాసన మీద పెడితే కల్పన శాస్త్రానికి దగ్గరయ్యేది.

అయితే గోడలు మాటను దాచకపోయినా, మాటకు బదులిచ్చే తీరును ఉంచుకుంటాయి. ధ్వనిశాస్త్రంలో దీన్ని ఇంపల్స్ రెస్పాన్స్ అంటారు. బుడగ పగిలినట్టి క్షణికమైన చప్పుడుకు ఆ చోటు ఇచ్చే పూర్తి సమాధానమని దీనికి అర్థం. దాన్ని ఒకసారి పట్టుకుంటే, వేరెక్కడో పాడిన పాటను ఆ చోటే పాడినట్టు కంప్యూటర్‌లో వినవచ్చు. ఇస్తాంబుల్‌లోని హగియా సోఫియాలో పగలగొట్టిన బుడగల చప్పుళ్ల నుంచి స్టాన్‌ఫర్డ్ పరిశోధకులు చేసిన పని ఇదే. 2013లో బ్రయన్ కాట్జ్ బృందం పారిస్‌లోని నోత్ర్ దామ్‌లో తీసుకున్న కొలతలే 2019 అగ్నిప్రమాదం తర్వాత ఆ చర్చి పూర్వపు ధ్వనికి ఆధారమయ్యాయి. ఈ బదులు ప్రధానంగా ఆకృతి నుంచీ, ఉపరితలాల గుణం నుంచీ పుడుతుంది. కాబట్టే నాగార్జునసాగర్ నీటిలో మునిగే చోటు నుంచి నాగార్జునకొండ రంగస్థలాన్ని అనుపుకు తరలించి కట్టినప్పుడు, శిల్పసంపదతో పాటు ధ్వని విషయం కూడా పట్టించుకోదగినదే. గ్రేస్టోన్‌ను కూల్చాక మాత్రం దాని నడవాల్లో ఎవరూ ఇక బుడగ పగలగొట్టలేరు.

ఊళ్లో మండువా లోగిలినో పెంకుటిల్లునో అమ్మకానికి పెట్టి సంతకాల కోసం విమానమెక్కే పార్సిప్పనీ తెలుగువారు సంచిలో నాలుగు బుడగలు వేసుకుని వెళ్లడం మంచిది. ఫ్యాన్లు కట్టేసి, ఫోనులో రికార్డింగు మొదలుపెట్టి గది మధ్య ఉంచి, కొన్ని అడుగుల దూరంలో ఒక్కో బుడగ పగలగొట్టి, చప్పుడు పూర్తిగా ఆరేదాకా మాట్లాడకుండా నిలబడితే చాలు. సామాను తీసేయకముందే ఆ పని చేయాలి. ఖాళీ ఇల్లు వేరే బదులిస్తుంది.