దోప్ది మాట ఎక్కడికి పోయింది?

మహాశ్వేతాదేవి బెంగాలీలో రాసిన ‘ద్రౌపది’ కథలో నాయికకు రెండు పేర్లు. పోలీసుల జాబితాలో ద్రౌపది, సంతాల్ జనం నోట దోప్ది. ద్రౌపది అని పేరు పెట్టింది భూస్వామి సూర్జ సాహు భార్య. తల్లి ఆ ఇంట్లో వడ్లు దంచే కాలంలో పుట్టిన పిల్లకు యజమానురాలు పెట్టిన పేరది. బడి రిజిస్టర్‌లో ఒక పేరు, గూడెంలో ఇంకో పేరు ఉన్న మనకు ఇది కొత్త సంగతి కాదు.

1978లో ‘అగ్నిగర్భ’ సంపుటిలో వచ్చిన ఈ కథను మణిపూర్ దర్శకుడు హైస్నాం కన్హైలాల్ 2000లో నాటకంగా మలిచారు. దోప్దిగా ఆయన సహచరి సాబిత్రి నటించారు. కన్హైలాల్ నాటకాల్లో సంభాషణ తక్కువ. ఊపిరి, అరుపు, నడక, ఒంటి కదలికలే కథ చెబుతాయి. చివరి ఘట్టంలో సాబిత్రి బట్టలు విడిచి సైనికాధికారి ఎదుట నిలబడ్డారు. నాటకం మీద ఇంఫాల్‌లో పెద్ద దుమారమే లేచింది. నాలుగేళ్ల తర్వాత, 2004 జూలై 15న, మనోరమ హత్యకు నిరసనగా పన్నెండు మంది మణిపురి తల్లులు కాంగ్లా కోట గేటు ముందు వివస్త్రలుగా నిలబడ్డారు. నాటకం చూసే వాళ్లు వచ్చారని చెప్పలేం. ఆ నేల మీది బాధ ఆ నటి ఒంట్లో ముందే పలికింది అనవచ్చు. అది ఈ నాటకం గొప్పతనం. దాన్ని తక్కువ చేసే ఉద్దేశం నాకు లేదు.

అయితే ఆదివాసీ పాఠకుడిగా నాకో లోటు కనిపిస్తుంది. కథలో దోప్ది భర్త దుల్నా, బండల మధ్య నీళ్లు తాగుతుండగా సైన్యం కాల్చి చంపుతుంది. చనిపోతూ అతను వేసిన కేక ఎవరికీ అర్థం కాదు. కలకత్తా నుంచి వచ్చిన నిపుణులు నిఘంటువులు తిరగేసి చెమటలు కక్కుతారు. చివరికి క్యాంపులో నీళ్లు మోసే చమ్రు నవ్వి, అది మాల్దా సంతాల్‌ల పోరాట కేక అని చెప్పేస్తాడు. నా లెక్కలో కథకు ఇదే ఆయువుపట్టు. రాజ్యం దోప్ది ఒంటిని పట్టుకోగలిగింది, ఆమె భాషను మాత్రం పట్టుకోలేకపోయింది. కరువులో బావి నీళ్లు ఇవ్వని సాహు మీద కోపం, పట్టుబడే క్షణంలో తనవాళ్లను హెచ్చరించే కూత, అధికారికి చివర ఆమె విసిరే సవాలు, అన్నీ నోటి నుంచి వచ్చినవే. గుడ్డను పళ్లతో చింపిన స్త్రీ నోరు మూసుకుని నిలబడలేదు, మాట్లాడింది.

మాట తగ్గిన రంగస్థలం మీద చమ్రు నవ్వుకు చోటు చాలదు. దోప్ది సంతాల్ కావడం కూడా పలచబడుతుంది. ఆమె హింసకు గురైన ప్రతి స్త్రీ అవుతుంది. మణిపూర్ ప్రేక్షకులకు అది అవసరమే కావచ్చు. మనకు అది సరిపోదు.

ఎందుకు సరిపోదో వాకపల్లి చెబుతుంది. 2007 ఆగస్టులో, పాడేరు ఏజెన్సీలోని ఆ ఊరి కోందు స్త్రీలు పదకొండు మంది, కూంబింగ్‌కు వచ్చిన పోలీసులు తమపై అత్యాచారం చేశారని నోరు తెరిచి చెప్పారు. 2023లో విశాఖపట్నంలోని ప్రత్యేక కోర్టు దర్యాప్తు లోపాలను ఎత్తిచూపుతూ నిందితులను నిర్దోషులుగా ప్రకటించి, ఆ స్త్రీలకు పరిహారం ఇవ్వాలంది. అక్కడ మాట లేకపోవడం సమస్య కాలేదు. చెప్పిన మాటను మొదట్లోనే సరిగా తీసుకోకపోవడం సమస్య అయింది. అలాంటి చోట మన ఆడవాళ్లను మాటలేని దేహాలుగా చూపే నాటకం, ఎంత బలమైనదైనా, సగం పనే చేస్తుంది.

కన్హైలాల్ తన నేల కోసం కథను మార్చుకున్నారు. మనమూ మన నేల కోసం మార్చుకోవచ్చు. మన కుర్రాళ్లు ఈ కథను కోయలోనో, కువిలోనో, గోండిలోనో ఆడాలి. దోప్ది మన భాషలో కేక వేయాలి. ముందు వరసలో కూర్చున్న అధికారికి ఒక్క ముక్క అర్థం కాకూడదు. వెనక నేల మీద కూర్చున్న అవ్వ మాత్రం చమ్రులా నవ్వాలి.