కారణం అనే గడి

ఎం.ఎస్.డబ్ల్యూ. చదివే ఒక అమ్మాయి ఈ వారం తన ఫీల్డ్‌వర్క్ రిపోర్టు చూసిపెట్టమని పంపింది. ఊరి చివరి వాడలో ఇల్లిల్లూ తిరిగి నింపిన ఫారాలు. పిల్లల బడి మానేయడం, వడ్డీ అప్పులు, డెంగీ, తాగుడు: ప్రతి సమస్య పక్కనా 'కారణం' అని ఒక గడి. అన్ని గడుల్లోనూ ఒకటే, 'అవగాహన లేకపోవడం'. పరిష్కారం చివరి పేజీలో ఉంది: అవగాహన సదస్సు. ఫ్లెక్సీ ముందు తీయించుకున్న గ్రూపు ఫొటో కూడా జతచేశారు. కానీ పదిరూపాయల వడ్డీ కడుతున్న మనిషికి వడ్డీ మీద అవగాహన లేదని రాయాలంటే చాలా ధైర్యం కావాలి.

"మరి ఆ గడిలో ఇంకేం రాయాలి మేడం?" అని ఫోన్‌లో అడిగింది. డుబోయిస్‌ని చదువమ్మా అన్నాను. ఏం తోచకపోయినా ఆయన పేరే ఎత్తుతానని మా ఇంట్లో వేళాకోళం.

అమెరికా సామాజిక శాస్త్రవేత్త డబ్ల్యూ.ఇ.బి. డుబోయిస్ 1896లో ఫిలడెల్ఫియా వచ్చేనాటికి ఆయన వయసు 28. హార్వర్డ్‌లో పీహెచ్‌డీ అందుకున్న మొదటి నల్లజాతి మనిషి, బెర్లిన్‌లో కూడా చదివొచ్చారు. పెన్సిల్వేనియా యూనివర్సిటీ ఆయనకిచ్చింది అసిస్టెంట్ ఇన్‌స్ట్రక్టర్ అనే చిన్న హోదా; విద్యార్థులకు పాఠం చెప్పే పని లేదు. ఆ నగరంలోని సెవెన్త్ వార్డులో నల్లవాళ్ల స్థితిగతులు తేల్చి రాయాలి, అంతే. నగర పాలన కుళ్లిపోవడానికి వాళ్లే కారణమని అక్కడి పెద్దమనుషులు ముందే తేల్చుకున్నారనీ, దానికో శాస్త్రీయ నివేదిక కావాల్సొచ్చిందనీ ఆయనే తర్వాత రాసుకున్నారు. అంటే కారణం గడి నింపేసి మరీ ఫారం చేతికిచ్చారన్నమాట.

కొత్తగా పెళ్లయిన భార్య నీనాతో ఆయన ఆ వార్డులోనే, పేదల వాడల్లో సేవ చేసే సెటిల్‌మెంట్ సంఘం నడిపే భోజనశాల మీది గదిలో కాపురం పెట్టారు. సుమారు 2,500 ఇళ్లకు స్వయంగా తిరిగారు. కుటుంబానికో ఫారం, మనిషికో ఫారం, ఇంటికొకటి, వీధికొకటి, సంఘాలకూ చర్చిలకూ ఇంకొకటి, ఇళ్లల్లో ఉండి పనిచేసేవాళ్లకు వేరే. వాడవాళ్లేమీ హారతులివ్వలేదు. తమనేదో వింతజాతిలా పరీక్షిస్తున్నారని ముఖం చిట్లించారు, అదీ దాచకుండా చెప్పారాయన. 1899లో 'ద ఫిలడెల్ఫియా నీగ్రో' అచ్చయింది. కారణాలు అడిగినవాళ్లకి అందులో కారణాలు దొరికాయి: బానిసత్వం, దక్షిణాది నుంచి వలస, పాడుపడ్డ ఇంటికి తెల్లవాళ్లకన్నా ఎక్కువ అద్దె, చేతిలో పనితనం ఉన్నా చేర్చుకోని యజమానులు, గడప తొక్కనివ్వని కార్మిక సంఘాలు.

అలాగని ఆయనకి గుడి కట్టను. వార్డు మ్యాపులో ఇళ్లకు తరగతుల వారీగా రంగులు వేశారు. అందులో ఒక రంగు చెడు నడతవాళ్లకీ నేరస్తులకీ. చివరి అధ్యాయంలో తెల్లవాళ్ల కర్తవ్యాలతో పాటు నల్లవాళ్ల కర్తవ్యాలూ బడిపంతులులా ఏకరువు పెట్టారు. ఆ పేజీల దగ్గర నాకు మన సదస్సుల మైకు వినిపిస్తుంది.

పైగా అప్పట్లో ఆయన నమ్మకం ఏమిటంటే, జనం నిజాలు తెలియక ద్వేషిస్తున్నారు, తెలిస్తే మానేస్తారు. తెల్లవాళ్ల కారణం గడిలో ఆయనా అవగాహన లేకపోవడమనే రాసుకున్నారు! అదే 1899 ఏప్రిల్‌లో జార్జియాలో శామ్ హోస్ అనే కూలీని గుంపు చిత్రవధ చేసి తగలబెట్టింది. అట్లాంటాలో ఉన్న డుబోయిస్ ఆ కేసులోని నిజానిజాలు నెమ్మదైన మాటల్లో రాసుకుని పత్రికాఫీసుకు బయల్దేరారు. హోస్ వేలి కణుపుల్ని ముందున్న వీధి కిరాణాకొట్లో ప్రదర్శనకు పెట్టారని దారిలో తెలిసింది. వెనక్కి తిరిగి ఇంటికొచ్చేశారు. ఆ గుంపుకి తెలియని నిజమేదీ ఆయన జేబులో లేదు.

సర్వేలన్నీ కట్టగట్టి అటక మీద పడేయమని రాద్దామనే ఈ కాలమ్ మొదలుపెట్టాను. కానీ ఆయన తర్వాత చేసిన పని అడ్డొస్తోంది. 1910లో అట్లాంటా యూనివర్సిటీ ఉద్యోగం వదిలి న్యూయార్క్ వెళ్లి, 'ద క్రైసిస్' పత్రికలో మళ్లీ లెక్కలే వేయించారు. ఏ ఏడాది గుంపులు ఎందర్ని చంపాయో, ఎక్కడ చంపాయో. పాత ఓపికే, ఈసారి అవతలివాళ్ల గుమ్మం మీద.

అందుకని ఆ అమ్మాయికి ఫారాలు పారేయమని చెప్పలేదు, ఇంకో నాలుగు నింపమన్నాను. అదే వాడకు అప్పులిచ్చే వడ్డీ వ్యాపారి, అక్కడి ఇళ్లు అద్దెకిచ్చే ఓనరు, శానిటరీ ఇన్‌స్పెక్టరు, స్కూలు హెడ్మాస్టరు. మురుక్కాలవ ఆఖరిసారి ఎప్పుడు తీశారు? రసీదు ఇస్తారా? వాళ్లు ఫారం ముట్టుకోనిస్తారా అంది. ఏమో, వెళ్లి చూడాలి.

అంబేడ్కర్ గారు 1946లో డుబోయిస్‌కి రాసిన ఉత్తరం గురించి కూడా చెప్పాను. అమెరికా నల్లవాళ్ల తరఫున ఐక్యరాజ్యసమితికి పెట్టిన అర్జీ ప్రతులు రెండు మూడు పంపమని అడిగారందులో. మరుసటేడు డుబోయిస్ సంపాదకత్వంలో నల్లవాళ్ల హక్కుల సంఘం ఎన్.ఏ.ఏ.సి.పి. ఇంకో అర్జీ పెట్టింది, హక్కులు ఎలా ఎగ్గొట్టారో అధ్యాయాల వారీగా విప్పి చూపిస్తూ. సమితి దాన్ని విచారణకే తీసుకోలేదు. ఆ చివరి సంగతి మాత్రం ఆ అమ్మాయికి ఇంకా చెప్పలేదు, వైవా అయ్యాక చెబుతాను.