మాట లేనిచోట వెలుగు: ‘దాసి’లో ఎ.కె. బీర్ ఛాయాగ్రహణం

తెలుగులో సినిమా విమర్శ ఎక్కువగా కథ, సంభాషణ, పాటల చుట్టూనే సాగింది. సాహిత్య విభాగాల్లో సినిమా పరిశోధనాంశమైనప్పుడు కూడా ఛాయాగ్రాహకుడు సాంకేతిక నిపుణుల పట్టికలో ఒక పేరుగానే మిగులుతున్నాడు. బి. నర్సింగరావు దర్శకత్వం వహించిన ‘దాసి’ (1988) విషయంలో ఈ పద్ధతి ఎందుకు చాలదో వివరించడం ఈ వ్యాసం ఉద్దేశం.

ఒడిశాకు చెందిన ఎ.కె. బీర్, అవతార్ కౌల్ తీసిన హిందీ చిత్రం ‘27 డౌన్’ (1974)తో గుర్తింపు పొందారు. నలుపు తెలుపులో తీసిన ఆ చిత్రంలో చాలా భాగాన్ని చేతిలో పట్టిన కెమెరాతో, నిజమైన రైళ్లలో, స్టేషన్లలోని జనం మధ్య చిత్రించారు. అక్కడ కెమెరా కథానాయకునితో పాటు కదులుతుంది. ‘దాసి’లో గమనం నెమ్మదిస్తుంది, రంగులు వచ్చి చేరతాయి. అయినా బీర్ దృష్టి ఒక్కటే: మనిషిని బంధించిన స్థలాన్ని చూపడం. అక్కడ రైలు పెట్టె, ఇక్కడ దొర గడీ.

కమలాక్షి (అర్చన) దొరసానితో పాటు అరణంగా వచ్చిన ఆడబాప. ఆమెకు మాటలు తక్కువ, పనులు ఎక్కువ. కాబట్టి సంభాషణలను మాత్రమే చదివే విమర్శకు ఆమె దాదాపు కనిపించదు. ఆమె పనులను తొందరపడకుండా అనుసరించే దృశ్యాలే ఆమె వాంగ్మూలం. తోట వైకుంఠం కళాదర్శకత్వం, మిర్యాలగూడకు చెందిన సుదర్శన్ దుస్తుల రూపకల్పన ఆ వాంగ్మూలానికి స్థానికతను సమకూర్చాయి. బీర్‌తో సహా ఈ ముగ్గురికీ జాతీయ పురస్కారాలు లభించాయి.

దృశ్య సౌందర్యం క్రూరత్వాన్ని మెత్తబరుస్తుందన్న ఆక్షేపణకు అవకాశముంది. దానిని తేలికగా కొట్టివేయలేం. అయితే గడీ శుభ్రత, సౌఖ్యం దాసి శ్రమఫలమే. ఆమె పనిచేస్తుండగా ఆ పరిసరాలను చూస్తాం గనుక, ఆ అందం దొరతనానికి అలంకారం కాక దానిపై అభియోగమవుతుంది.

తరువాత బీర్ ‘ఆదిమీమాంస’ (1991)తో ఒడియాలో దర్శకుడయ్యారు. తెలుగు మాతృభాష కాని ఛాయాగ్రాహకుడు తెలంగాణ స్త్రీ మౌనాన్ని పట్టుకోగలిగాడంటే, ఆ మౌనం పలుకుబడిలోనే కాక శరీర శ్రమలోనూ ఉందన్నమాట. యాదగిరిగుట్ట మొదలుకొని నల్లగొండ పల్లెల వరకు గడీల జ్ఞాపకాలను సేకరించే పరిశోధకులకు ఇది పద్ధతికి సంబంధించిన సూచన: చెప్పిన మాటతో పాటు, చెబుతున్నప్పుడు చేతులు గుర్తుచేసుకునే పనినీ నమోదు చేయాలి.