గడీ చీకట్లో మా బూర్గుపల్లి చేయి

ఒకసారి ‘దాసి’ సినిమాను శబ్దం పూర్తిగా తగ్గించి పది నిమిషాలు చూడండి. కథ ఎక్కడా తెగదు. దొర గడీ లోపల చీకటి. తలుపులోంచి కాస్త వెలుగు. అందులోకి దాసి కమలాక్షి వస్తుంది, పని చేసుకుంటుంది, మళ్లీ చీకట్లో కలిసిపోతుంది. ఆ ఇంట్లో ఆమెకు దక్కిన చోటెంతో ఆ వెలుగే చెప్పేస్తుంది. మాటలు రాసుకుని తీసిన సినిమా కాదిది. గీసుకుని తీసింది.

‘దాసి’ తీసిన బి. నర్సింగరావు చిత్రకారుడు. గజ్వేల్ దగ్గరి ప్రజ్ఞాపూర్‌లో పుట్టి, హైదరాబాదులో ఫైన్ ఆర్ట్స్ చదువుకున్నారు. 1978లో రైతుకూలీల జగిత్యాల జైత్రయాత్రతో గడీలు వణికిన రోజుల్లోనే గౌతమ్ ఘోష్ దర్శకత్వంలో ‘మా భూమి’ నిర్మించారు. ‘రంగుల కల’లో చిత్రకారుడి పాత్ర తనే వేశారు. అన్నీ గొప్పవే. అయినా నా ఓటు 1988 నాటి ‘దాసి’కే.

అందుకు కారణం దాచుకోను. దాని కళా దర్శకుడు మా ఉమ్మడి కరీంనగర్ జిల్లా బూర్గుపల్లి బిడ్డ, చిత్రకారుడు తోట వైకుంఠం. ఆయన బొమ్మ ముందు కాసేపు నిలబడండి. ముందు నల్లటి గీత కనిపిస్తుంది, తడబాటు లేని గీత. నుదుటి నుంచి ముక్కు మీదుగా గడ్డం దాకా ఒకే ఊపున దిగుతుంది. ఆ తర్వాతే రూపాయి బిళ్లంత బొట్టు, నిండు భుజం, ఎర్రచీర మీద పసుపు అంచు. రంగును పలచన చేసి మురిపించడం ఆయనకు తెలియదు. ఊళ్లో వేషాలు కట్టేవాళ్లను చిన్నప్పుడు కళ్లప్పగించి చూసిన పిల్లవాడి చూపు అది. బరోడాలో కె.జి. సుబ్రమణ్యన్ దగ్గర చదివినా ఆ చూపు చెదరలేదు. గడీలో ఏ వస్తువు ఎక్కడుండాలో అలాంటి చూపుకే తెలుస్తుంది. ‘దాసి’కి వచ్చిన ఐదు జాతీయ అవార్డుల్లో ఉత్తమ నటిగా అర్చనది ఒకటి, కళా దర్శకత్వానికి వైకుంఠంది ఒకటి.

ఇప్పుడు చూడండి! తెలంగాణ సినిమా అంటే ఒక గడీ సెట్టు, పెద్ద బొట్టు, నాలుగు యాస మాటలు, చెవులు చిల్లులు పడే పాట. గడీ గోడ కొత్త సున్నంతో మెరుస్తుంటుంది. వెట్టి చేసిన మనిషి చీరకు మడత కూడా నలగదు. హోటల్ గోడల మీద, ఫ్లెక్సీల మీద వైకుంఠం ఆడవాళ్లను పోలిన బొమ్మలు వందలు. బొట్టును కాపీ కొట్టారు, గీతను పట్టుకోలేకపోయారు. చూస్తే కడుపు మండిపోతుంది.

ఫోన్లో మసక కాపీ చూసి ‘దాసి’ చూశామనుకోవద్దు. కరీంనగర్‌లో, ఆదిలాబాద్‌లో పెద్ద తెర మీద వేయండి. పక్క గదిలో వైకుంఠం అసలు బొమ్మలు పెట్టండి. ముందు వరుసల్లో జగిత్యాల, సిరిసిల్ల బడిపిల్లలను కూర్చోబెట్టండి.