విఠలాచార్య చిత్రములలో కత్తెర పని

జానపద చిత్రములను గూర్చి వ్రాయువారు కథలో నీతి కలదా, పాటలు బాగున్నవా యని విచారించి ఊరకుందురు. రాజకుమారుడు మేకగా మారిన ఆ క్షణమును కల్పించినది ఎవరని అడుగువారు అరుదు. బి. విఠలాచార్య (1920–1999) చిత్రముల విలువ అధికభాగము ఆ క్షణములోనే, అనగా కూర్పులోనే, యున్నదని మా అభిప్రాయము.

ఈయన ఉడుపి చెంత ఉద్యావరలో పుట్టిన కన్నడ దేశీయుడు. తొలుత హోటలు నడిపి, పిదప డేరా సినిమాలు ఆడించి, కన్నడ చిత్రములు తీసి, తుదకు మద్రాసు చేరి తెలుగువారిచే ‘జానపద బ్రహ్మ’ యనిపించుకొనెను. తరతరములుగా కన్నడ సీమలో కాపురమున్న మనవంటి కుటుంబములకు ఈ ఎదురు ప్రయాణము ముచ్చట గొలుపును. డేరాలో బొమ్మ ఆడించినవానికి నేలపై కూర్చున్న జనము ఎచ్చట ఆవులింతురో తెలియును. ఆ తెలివి ఆయన చిత్రముల నడకలో కనబడును.

ధనము తక్కువ, మాయలు ఎక్కువ. కెమెరాను కదలనీయక నటుని నిలిపి, యంత్రమును ఆపి, అతని తావున మేకను నిలిపి మరల తిప్పుదురు. పారిస్ నగరమున మెలియే 1896లోనే ఎరిగిన ఉపాయమిది. కాని సెకనుకు 24 బొమ్మలు పరుగెత్తు చోట అతుకు రెండు బొమ్మలు తప్పినను మేకను పట్టుకొన్నవాని చేయి కనబడును, మాయ నవ్వులపాలగును. అందుచేతనే అతుకుపై ఒక మెరుపు, ఒక ఉరుము. దానిని ఆర్భాటమని తూలనాడినవారు కుట్టుపని చూచి యెరుగరు. చిన్న సెట్టు పెద్ద కోట యగుటయు ఇట్లే: ఒక స్తంభము, ఒక ద్వారము, భటుల ముఖములు; తక్కిన కోటను చూచువాడే కట్టుకొనును.

నటుడు కాల్షీటు ఇయ్యనిచో ఆచార్యులవారు అతని పాత్రను చిలుకగానో మేకగానో మార్చివేయుదురని ఒక పరిహాసము వాడుకలో నున్నది. పరిహాసమే యగుగాక, లోటును కథగా మార్చు నేర్పును జనము గుర్తించిరనుటకు ఇంతకన్న సాక్ష్యమేమి?

‘బందిపోటు’ (1963) మంత్రముల అండ అంతగా లేకయే పరుగెత్తినది. ‘జగన్మోహిని’ (1978)లో దయ్యము తన కాళ్ళనే కట్టెలుగా పొయ్యిలో పెట్టి వంట చేయు ఘట్టము మాకు మిక్కిలి నచ్చినది. అది శ్మశానము కాదు, మన ఇంటి వంటిల్లు. భయమంతయు అందులోనే కలదు. కొన్ని చిత్రములలో నైతే అస్థిపంజరములు అలసిపోవునంతవరకు ఆడును, హాస్యగాండ్రు కథ నడుమ చొరబడి కదలరు. అచ్చట కత్తెర నిద్రపోయినదనక తప్పదు.

ఈ ప్రజ్ఞ యంతయు కూర్పరి ఒక్కనిదే యనుట న్యాయము కాదు. దర్శకునకు, ఛాయాగ్రాహకునకు సమానమైన పాలు కలదు. అయినను వారి పేర్లను కొందరైన తలచుకొందురు. తెరపై ‘కూర్పు’ అను మాట వచ్చు వేళకు జనము ఇంకను వేరుసెనగకాయలు కొనుచు, చోటు వెదకుకొనుచు నుండెడివారు.